బూడిదలో గరిటె

పోయిన వారం మనం పుష్పలీలను సాల్టర్స్ ఎండ్ ఒడ్డున, ఈదురుగాలిలో, నల్లటి బూడిద కుప్ప ముందు మోకాళ్ళ మీద వదిలేసి వచ్చాం. ఆడపిల్లని వారం రోజులు అలా కూర్చోబెట్టడం న్యాయం కాదు గానీ, చూసిన సంగతి అలాంటిది. ఏప్రిల్ అంతా కంటికి రెప్పలా కాచుకున్న దుంగలు అక్కడ లేవు. సముద్రం ఏళ్ళ తరబడి తెచ్చి గడ్డి అంచున పడేసిన పాత దుంగలు, వాటి పక్కన ఒరిగిపోయిన కంచె గుంజలు, అన్నీ మాయం. ఇసుకలో ఈడ్చుకెళ్ళిన చాళ్ళు మిగిలాయి. ఆ చాళ్ళ చివర రాళ్ళ పొయ్యిలు, పొయ్యిల మధ్య బూడిద. ఆ బూడిదను వేళ్ళతో కెలుకుతుంటే చల్లగా తగిలింది ఒక స్టీలు గరిటె. కాడ మీద చుక్కలు చుక్కలుగా చెక్కిన పేరు: నాగజ్యోతి.

అనుమానానికి తావెక్కడిది? ఈ దేశంలో గరిటె కాడ మీద పేరు చెక్కించుకుని వంట చేసే జనం ఎంతమంది ఉంటారు? అందులోనూ ఆ తీరంలో? ఆ పేరు గల మనిషి లాంకస్టర్‌లో, పుష్పలీల అద్దెకుండే ఇంట్లోనే ఉంది. పొద్దున టిఫిన్ బాక్సులో పెసరట్లు పెట్టి, పైన అల్లప్పచ్చడి డబ్బా కూడా సర్ది పంపింది ఆవిడే.

ఈ వారమే కథలో అడుగుపెట్టిన వారి కోసం రెండు ముక్కలు. పుష్పలీలది ప్రొద్దుటూరు. నాటింగ్‌హామ్‌లో మాస్టర్స్ చేసి, ఇప్పుడు ఈ తీరంలో ఒక చిన్న వైల్డ్‌లైఫ్ ట్రస్టులో పని చేస్తోంది. ఆ పని బెల్టెడ్ బ్యూటీ అనే దీపపు పురుగుకి కాపలా కాయడం. మగదానికి రెక్కలుంటాయి, ఆడదానికి ఉండవు. ఆ చుట్టుపక్కల అది బతికేది ఆ ఒక్క గడ్డి పట్టీలోనే. నల్లటి నూగు ఒంటి మీద కాషాయం రంగు పట్టీలు చూసి నాగజ్యోతి ఆంటీ దానికి 'వడ్డాణం పిల్ల' అని పేరు పెట్టింది. ఆ పేరు పుష్పలీలకు ఎంత నచ్చిందంటే, ఇంగ్లీషు పేరు ఆఫీసులో తప్ప వాడడం మానేసింది. ఏడాదికి ఒక్కటే కాన్పు ఆ పిల్లలది. ఈ ఏడాది గుడ్లు పోతే వచ్చే ఏడు ఆ గడ్డిలో వడ్డాణం పిల్ల అనేది ఉండదు. ఇక ఎప్పటికీ ఉండకపోవచ్చు.

సరే, కథలోకి వద్దాం.

బస్సులో వస్తున్నంతసేపూ గరిటె కోటు జేబులోనే ఉంది. కాడ బయటికి పొడుచుకొచ్చి ఉంటే పక్క సీటు ముసలాయన ఒకటి రెండుసార్లు చూసి, మర్యాదగా కిటికీ వైపు తిరిగాడు. పుష్పలీలకు కోపం ఒక పక్క, నోట్లో ఏదో పాత రుచి ఒక పక్క. ఆ రుచి ఏమిటో లాంకస్టర్ స్టేషను దాటాక గాని తట్టలేదు. సోమవారం బ్యాంక్ హాలిడే సెలవు, ఊళ్ళో తెలుగు వాళ్ళ పిక్నిక్. ట్రస్టు వాళ్ళ ట్రైనింగుకని తను వారమంతా ఊళ్ళో లేదు. నిన్న రాత్రి ఇల్లు చేరేసరికి ఆంటీ ఫ్రీజర్లోంచి తీసి వేడిచేసి పెట్టిన గుత్తి వంకాయ, పప్పుచారు. 'ఆంటీ, ఈ పొగ వాసన ఏందో గానీ మా జేజి చేతి వంట తిన్నట్టే ఉంది' అని తనే అంది. రెండోసారి వడ్డించుకుంది. వేళ్ళు నాక్కుంది. కట్టెలెక్కడివని ఒక్క మాట అడగలేదు.

ఆ సంగతి గుర్తొచ్చేసరికి కోటు జేబులోని గరిటె కాడను లోపలికి నొక్కేసుకుంది.

ఇంట్లో అడుగుపెట్టేసరికి వేరుశనగ గుళ్ళు వేగుతున్న వాసన. వంటింటి కప్పు మీద స్మోక్ అలారానికి ఎప్పటిలాగే షవర్ క్యాప్ తొడిగి ఉంది. నాగజ్యోతి స్టవ్ ముందు నిలబడి, ఫోనులో ఎవరిదో సీమంతానికి ఎవరు ఏం వండి తేవాలో తేలుస్తోంది. భీమవరం ఆవిడది. యాభై దాటినా చురుకు తగ్గలేదు. చుట్టుపక్కల ఏ తెలుగింట్లో ఏ శుభకార్యమైనా ఆవిడ గిన్నెలు వెళ్ళాల్సిందే, వెళ్ళిన గిన్నెలు పేరు చూసుకుని తిరిగి రావాల్సిందే.

"ఉంటానమ్మా, మా పిల్ల వచ్చింది" అని ఫోను పెట్టేసి, "ఏంటమ్మా మొహం అలా పీక్కుపోయింది? పెసరట్లు తిన్నావా లేదా?" అంది.

పుష్పలీల జేబులోంచి గరిటె తీసి గట్టు మీద పెట్టింది.

ఆమె ఊహించుకున్నది వేరు. ఆంటీ మొహం పాలిపోతుందని, తడబడుతుందని, ఏదో సర్దిచెప్పబోతుందని బస్సులో అన్ని జవాబులూ సిద్ధం చేసుకుంది. నాగజ్యోతి మొహం మాత్రం చవితినాటి పిల్లలా వెలిగిపోయింది.

"ఓలమ్మో, దొరికిందా. ఎక్కడ దొరికిందే తల్లీ?" అని గరిటె తీసుకుని, చీర కొంగుతో బూడిద తుడిచి, కాడ మీద పేరును బొటనవేలితో తడుముకుంది. "సోమవారం నుంచీ వెతుకుతున్నాను. కార్ల డిక్కీలన్నీ తీయించి చూశాను. మీ అంకుల్ 'కొత్తది కొంటాలే' అంటారు. కొంటారు, పేరు ఎవరు కొంటారు? మా అమ్మ కాపరానికి పంపేటప్పుడు బజార్లో దగ్గర కూర్చుని కొట్టించిందమ్మా ఇది. నీకు పుణ్యముంటుంది."

పుణ్యం అన్న మాట పుష్పలీలకు సూదిలా తగిలింది. "ఆంటీ, సోమవారం వంటకి కట్టెలు యాడ తెచ్చినారు?" అంది.

"అక్కడివే. నీ గడ్డి దగ్గరివే."

"ఎన్ని కాల్చినారు?"

"అన్నీనూ" అంది నాగజ్యోతి, ఏదో బహుమతి చేతికిస్తున్నట్టు. "అసలు నీకు చెబుదామనే ఉన్నాను. నువ్వొచ్చి చూసుకుంటే ఆశ్చర్యపోతావని ఊరుకున్నా. నువ్వు రోజూ అంటావు కదా, నా పిల్ల గడ్డిలో ఉంటుంది, గడ్డి ఉంటేనే దానికి బతుకు అని. చూస్తే ఆ దుంగలన్నీ గడ్డి మీద పడి దాన్ని తొక్కేస్తున్నాయి. మన మగాళ్ళు ఉన్నారు కదా, ఒక చెయ్యి వేయించి మొత్తం తీయించేశాను. నీ పిల్లకి చోటు చేసినట్టూ ఉంటుంది, మాకు పొయ్యిలోకి కట్టెలూ అవుతాయి. ఇరవై ఏళ్ళయిందే కట్టెల పొయ్యి ముందు కూర్చుని. ఊదుకుంటూ ఊదుకుంటూ నాకు కళ్ళమ్మట నీళ్ళే."

వేరుశనగ గుళ్ళు మాడుతున్న వాసన వచ్చింది. ఇద్దరిలో ఎవరూ గరిటె పెట్టి తిప్పలేదు.

"ఆంటీ, అవి ఆ గడ్డి మీద చెత్త కాదు" అంది పుష్పలీల. "అవి దాని పురిటిగది. ఆ పిల్ల గడ్డిలో పెరుగుతుంది, గడ్డి తింటుంది. గుడ్లు మాత్రం గడ్డిలో పెట్టదు. ఎండిన చెక్క చూసుకుని, ఆ పగుళ్ళలో పెట్టుకుంటుంది. ఏప్రిల్ అంతా ఒక్కొక్కటే ఆ దుంగలెక్కుతుంటే నేను చూసినా. అన్నీ వాటి మీదే పెట్టినాయి. మీరు కాల్చింది కట్టెల్ని కాదు."

నాగజ్యోతి చెయ్యి గరిటె మీద ఆగిపోయింది.

కోపంలో ఉన్న మనిషికి ఎదుటి మనిషి మొహం ఆలస్యంగా కనపడుతుంది. పుష్పలీల ఆగలేదు. "ఒక మాట అడగచ్చు కదా నన్ను? ఫోనుంది, వాట్సాప్ ఉంది. ఊరంతటికీ ఏ కూరలో ఎంత ఉప్పో చెప్తారే, నాకు ఒక ఫోను చేయలేకపోయినారా? ఏడాది పంట మొత్తం గుత్తి వంకాయ కింద మంట పెట్టేసినారు. అది నాకే తినిపించినారు."

ఆఖరి మాట నోరు దాటాక గాని అది ఎంత పెద్ద మాటో ఆమెకు తెలియలేదు. అన్నం పెట్టిన చేతిని అనకూడని మాట అది.

నాగజ్యోతి స్టవ్ ఆపేసింది. మాడిన గుళ్ళను పళ్ళెంలో వంపింది. గిన్నె సింకులో పెట్టి నీళ్ళు తిప్పింది. తిరిగి చూసేసరికి ఆవిడ కళ్ళలో నీళ్ళు లేవు గానీ, ఆవిడ మొహంలో ఉండే ఆ ఉత్సాహం ఏదో దిగిపోయింది.

"నువ్వు గడ్డి గురించే చెప్పావమ్మా" అంది మెల్లగా. "దుంగ సంగతి ఎప్పుడూ చెప్పలేదు."

చెప్పలేదు. నిజమే. పుష్పలీల గట్టుకి ఆనుకుని నిలబడి, రెండు నెలలుగా ఈ వంటింట్లో తను చెప్పిన కబుర్లన్నీ లోపల వెతుక్కుంది. మూడు రేకల ఆకుల గురించి చెప్పింది. సముద్రం పోటెక్కినప్పుడు గడ్డి మునగడం గురించి చెప్పింది. వడ్డాణం సంగతి, మగదాని ముసలి మీసాల సంగతి నవ్విస్తూ చెప్పింది. దుంగలు మాత్రం తనకు రోజూ కళ్ళ ముందున్నవి కాబట్టి, అందరికీ తెలిసినట్టే వదిలేసింది. ఆఫీసులో మనిషైతే ఇంగ్లీషులో రెండు పేజీలు రాసిచ్చేది. ఇంట్లో ఆంటీకి సగం కథ చాలనుకుంది.

"కూర్చో" అంది నాగజ్యోతి. "తిట్టింది చాలు గానీ, ఇప్పుడు మొత్తం చెప్పు. ఆడదానికి రెక్కలెందుకు లేవసలు?"

పుష్పలీల కుర్చీ లాక్కుని కూర్చుంది. కోపం ఎక్కడికీ పోలేదు, కానీ దానికి ఆసరా లేకుండా పోయింది. "పొట్ట నిండా గుడ్లే ఆంటీ. ఒళ్ళంతా వాటికే. రెక్కలకి పెట్టాల్సిన బలం కూడా గుడ్లకే పెట్టేస్తుంది. నేలలోంచి లేస్తుంది, దగ్గర్లో ఉన్న చెక్క ఎక్కుతుంది. మగది వాసన పట్టుకుని ఎగిరొస్తుంది. దాని పని అయిపోతే పోతుంది. ఇది గుడ్లు పెట్టి అక్కడే రాలిపోతుంది."

"పుట్టిన చోటే పోతుందన్నమాట."

"కొన్ని గజాలు కూడా దాటదు. అందుకే చోటు పోతే అదీ పోయినట్టే. లేచి ఇంకో చోటికి పోదామంటే దానికి కుదరదు."

"నాకూ డ్రైవింగ్ రాదు" అంది నాగజ్యోతి. నవ్వు కోసం అన్న మాటే, కానీ ఇద్దరికీ నవ్వు రాలేదు. ఆవిడే మళ్ళీ అంది. "అలా అని దాన్ని చూసి అయ్యో పాపం అనక్కర్లేదులే. ఎవరి బరువు వాళ్ళకి తెలుసు. ఏది మొయ్యాలో అది మోసింది. మోసిన దాన్ని నేను మంటలో పెట్టాను."

ఆ మాట అన్నాక ఆవిడ గరిటెను మళ్ళీ చేతిలోకి తీసుకోలేదు. అది గట్టు మీదే ఉంది.

వీధి తలుపు చప్పుడైంది. వెంకటసుబ్బారావు గారు బియ్యం మూట భుజాన వేసుకుని, చేతి సంచులతో గోడలు గీసుకుంటూ వచ్చారు. హాస్పిటల్లో కంప్యూటర్లు చూసుకునే ఉద్యోగం ఆయనది. దానికి తోడు, ఊళ్ళో తెలుగు వాళ్ళ సంఘానికి అధ్యక్షుడు. ఉద్యోగం మీద కంటే ఆ పదవి మీద ఆయనకు శ్రద్ధ ఎక్కువని నాగజ్యోతి అందరి ముందూ అంటుంది. మూట దించి, ఇద్దరి మొహాలూ, గట్టు మీది గరిటె చూశారు.

"దొరికిందే. మరి ఇంకేంటి, ఎవరో పోయినట్టు కూర్చున్నారు?"

నాగజ్యోతి చెప్పింది. ఏదీ దాచకుండా, తను చేసింది ముందు పెట్టి చెప్పింది. ఆయన విన్నారు. వింటూ వింటూ సంచులు విప్పి టొమాటోలు బుట్టలో సర్దారు. చివరికి, "పొరపాటు జరిగింది. కావాలని చేయలేదు. పురుగులే కదా, ఏదో ఒక మూల మిగిలే ఉంటాయి. అవి మనకంటే గట్టివి" అన్నారు.

"హెలెన్‌కు చెప్పాలి అంకుల్" అంది పుష్పలీల. హెలెన్ అంటే ట్రస్టులో ఆమె పై అధికారి. "వచ్చే సోమవారం పొద్దున్నే ఆమె ఒడ్డుకి వస్తాది."

సుబ్బారావు గారి చేతిలో టొమాటో ఆగింది. "చెప్పు. ఎవరో తీసుకుపోయారని చెప్పు. ఆ ఒడ్డుకి ఊరంతా వస్తుంది."

"ఎవరో కాదు కదా."

"చూడమ్మా లీలా. అక్కడ మంట పెట్టడానికి మేము కౌన్సిల్ పర్మిషన్ తీసుకోలేదు. తీసుకోవాలని కూడా తోచలేదు, అది నా తప్పే. కానీ ఈ మాట బయటికి పోతే నా ఒక్కడి పేరుతో ఆగదు. 'ఆ ఇండియన్స్ వచ్చి తగలబెట్టారు' అంటారు. రేపు దసరాకి హాలు అడిగితే మొహాన తలుపేస్తారు. అక్కడ పొయ్యి దగ్గర ఆడుకున్న చిన్నపిల్లలందరికీ ఆ మాట చుట్టుకుంటుంది. నువ్వు ఈ ఇంట్లో తిని, ఈ ఇంటి వాసాలే లెక్కపెడతావా?"

పుష్పలీల తల దించుకుంది. ఆయన అన్నదానిలో భయం ఉంది, ఆ భయంలో అబద్ధం లేదు. ఆయన పెట్టిన అన్నం నిజం. దుంగలు కాలడమూ నిజమే. ఒకటి నిలబెట్టాలంటే రెండోది తుడిచెయ్యాలి. మింగలేదు, కక్కలేదు. ఈ ఇల్లు ఖాళీ చేసి పోయి చెప్పడం తేలికేమో అని ఒక్క క్షణం అనిపించింది. మరుక్షణమే ఆ ఆలోచనకు సిగ్గేసింది. తనకు వాకిలి దాటి పోవడానికి కాళ్ళున్నాయి, ఇంకో ఊరికి టికెట్టుంది. ఆ గడ్డిలో పురుగుకి అదేదీ లేదు.

"వాసాల మాట ఎందుకు తీస్తారు?" అంది నాగజ్యోతి. గొంతు పెంచలేదు. "ఆ పిల్లని ఇరికించకండి. సోమవారం నేను వెళతాను తనతో పాటు."

"నువ్వెళ్ళి ఏం చెబుతావు?"

"ఏముంది చెప్పడానికి? గరిటె నాది. పేరు కూడా ఉంది దాని మీద. కట్టెలు తీయించింది నేను, ముట్టించింది నేను. ఇండియన్స్ చేశారని ఎవరూ అనక్కర్లేదు, నాగజ్యోతి చేసిందని నేనే అంటాను. ఒక మనిషి వచ్చి తన పేరు తను చెప్పుకుంటే, ఊరిని తిట్టడానికి వాళ్ళకి మాత్రం నోరెలా వస్తుంది?"

సుబ్బారావు గారు కుర్చీలో కూర్చున్నారు. పెళ్ళయిన ఇన్నేళ్ళలో ఆయనకు ఒకటి తెలుసు. ఈవిడ గొంతు పెంచితే ఇంకా బేరం ఉన్నట్టు, తగ్గిస్తే అయిపోయినట్టు.

పుష్పలీలకు ఏడుపొచ్చింది. ఇంతసేపూ రానిది అప్పుడొచ్చింది. "ఆంటీ, ఇందాక నేనన్న మాట..."

"అన్నావు, అయింది. తిని అనే హక్కు కూడా తిన్నవాళ్ళకే ఉంటుంది." నాగజ్యోతి పేపర్ టవల్ చింపి ఆమె చేతిలో పెట్టింది. "కళ్ళు తుడుచుకో. నాకు ఒక్క సంగతి అర్థం కాలేదు. అది కొన్ని గజాలు దాటదంటావు, ఎగరలేదంటావు. మరి అసలు ఈ ఒడ్డుకి ఎలా వచ్చిందే? స్కాట్లండు దీవుల్లో కూడా ఉంటుందన్నావు ఒకసారి. మధ్యలో సముద్రం ఉంది కదా."

ఆ ప్రశ్న పుష్పలీలను మాస్టర్స్‌లో ఎవరూ అడగలేదు. ఆమె ముక్కు తుడుచుకుంటూ చెప్పింది. "ఖచ్చితంగా ఎవరికీ తెలీదు. కొంతమంది ఊహ ఏందంటే, గుడ్లున్న దుంగ పోటులో కొట్టుకుపోయి, తేలుకుంటా పోయి ఇంకో ఒడ్డున పడుతుందంట. అక్కడ గుడ్లు పగుల్తాయి. అది ఎగరకపోయినా, ఎక్కిన చెక్క ప్రయాణం చేస్తుంది కదా."

నాగజ్యోతి భర్త వైపు చూసింది. ఆయన ఆవిడ వైపు చూశారు. ఇద్దరికీ ఒకేసారి ఏదో తట్టింది.

"ఏవండీ," అంది ఆవిడ, "రఘువీర్ డిక్కీలో పెట్టుకెళ్ళలేదూ ఒకటి?"

పుష్పలీల పేపర్ టవల్ కింద పెట్టేసింది.

రఘువీర్ అంటే సుబ్బారావు గారి మేనల్లుడు. లండన్ శివారు స్టాన్‌మోర్‌లో ఉంటాడు. బ్యాంక్ హాలిడేకి భార్య మధులికతో కలిసి వచ్చి, సోమవారం పిక్నిక్ చూసుకుని అట్నుంచి అటే వెళ్ళిపోయాడు. పొయ్యిలో పెట్టబోతున్న ఒక దుంగను చూసి ఆపాడట. బూడిద రంగులో, మెలికలు తిరిగి, ఒంటి నిండా పగుళ్ళతో ఉందట అది. ఇలాంటిది షాపులో కొనాలంటే దొరకదు, కొత్తింట్లో హాలులో పెట్టుకుంటానని, సీట్లు మడిచి మరీ ఎక్కించుకున్నాడట.

"దాని నిండా పగుళ్ళా?" అంది పుష్పలీల. "కొస దగ్గర గుండ్రంగా బొక్క ఉందా?"

"ఉంది. దానిలోంచి పిల్లలు చూసుకుంటూ ఆడారు" అన్నారు సుబ్బారావు గారు.

ఆ దుంగ ఆమెకు బాగా తెలుసు. వరసలో మొదటిది అదే. ఆ గడ్డిలోంచి లేచిన ఆడవాటిలో ఎక్కువ భాగం ఎక్కింది దాని మీదికే. ఎండ ముందుగా దానికే తగిలేది. ఆమె వేలు పెట్టి చూపించి హెలెన్‌ను నవ్వించింది, 'ఇది మెటర్నిటీ వార్డు' అని. అది కాలలేదు. లండన్ పోయింది. రెక్కల్లేనివి కారెక్కి మోటార్‌వే మీద పోయినాయి.

"ఫోన్ చేయండి అంకుల్" అంది. "వార్నిష్ పూస్తాడేమో. వేడినీళ్ళతో కడుగుతాడేమో. తాకద్దని చెప్పండి."

సుబ్బారావు గారు ఈసారి సంఘం పేరు ఎత్తలేదు. ఫోను తీసి స్పీకరు పెట్టారు. నంబరు నొక్కడంలో ఆయన తొందర పుష్పలీల చూసింది. ఎంతో కొంత మిగిలిందన్న ఆశ ఆయనకు కూడా తగిలిందని అర్థమై, ఆయన మీద ఉన్న కినుక సగం కరిగింది.

రఘువీర్ ఎత్తలేదు. మధులికకు చేశారు. రెండు రింగుల్లో ఎత్తింది.

"హలో బాబాయ్ గారూ, బాగున్నారా? రఘు లేరండీ, డీఐవై షాపుకి వెళ్ళారు. ఆ దుంగకి ఏదో పాలిష్ తేవాలట."

"మధులికా, దుంగ ఎక్కడుందమ్మా?" అంది నాగజ్యోతి ఫోను మీదికి వంగి.

"కన్సర్వేటరీలో ఉంది ఆంటీ. ఎండ బాగా తగులుతుంది, తడి ఆరుతుందని అక్కడ పెట్టాం. లోపల ఓవెన్లా ఉంటుంది కదా."

పుష్పలీల కళ్ళు మూసుకుని, మళ్ళీ తెరిచింది. అద్దాల గది. వెచ్చదనం. గుడ్లు పగలడానికి ఒడ్డున ఇంకా కొన్నాళ్ళు పట్టేది, అక్కడ తొందరగా అయిపోతుంది. "మధులిక గారూ, నేను పుష్పలీలను. దానికి వార్నిష్ పుయ్యలేదు కదా? కడగలేదు కదా?"

"లేదు లేదు, ఏం చేయలేదు. హాయ్ లీలా." మధులిక గొంతు కొంచెం తగ్గింది. "నేనే మీకు చేద్దామనుకుంటున్నా అసలు. పొద్దున్న చూస్తే దాని మీద ఏవో పాకుతున్నాయి. దారప్పోగుల్లా సన్నగా, నల్లగా. ఒకటీ రెండూ కాదు, పగుళ్ళన్నింట్లోంచీ వస్తున్నాయి. నాకు ఒళ్ళు జలదరించింది. రఘు స్ప్రే కొడదామన్నారు."

"కొట్టారా?"

"నేనే వద్దన్నాను. ప్రాణాలు కదా, ఎందుకు చంపడం అని."

నాగజ్యోతి గోడకు ఆనుకుని, చేతులు రెండూ ఎత్తి కనపడని దేవుడికి దణ్ణం పెట్టింది. సుబ్బారావు గారు "హమ్మయ్య" అని కుర్చీలో వెనక్కి వాలారు. పోయాయనుకున్నవి పుట్టాయి. నోరు తెరుచుకుని, ఆకలితో, స్టాన్‌మోర్‌లో పుట్టాయి. పుట్టినవాటికి వెంటనే పచ్చటి ఆకు కావాలి. ఒక్క రోజు ఆలస్యమైనా ఆగలేవు.

"మంచి పని చేశారు" అంది పుష్పలీల. "చాలా మంచి పని. ఇప్పుడు అవి దుంగ మీదే ఉన్నాయా?"

"లేవు లీలా. లోపల సోఫా మీదికి ఎక్కేస్తాయని భయమేసింది. మెత్తటి బ్రష్ తీసుకుని, ఒక్కటి కూడా నలగకుండా అన్నింటినీ డస్ట్‌పాన్‌లోకి దులిపాను. గడ్డి పురుగులే కదా, మీరు ఒకసారి వాట్సాప్‌లో రాశారు కూడా, గడ్డి ఉంటేనే వాటికి బతుకని. తెచ్చి గార్డెన్‌లో గడ్డిలో వదిలేశాను. ఇంత పచ్చగా ఉంది, హాయిగా తింటాయి."

నాగజ్యోతి దణ్ణం పెట్టిన చేతులు మెల్లగా దిగాయి. మొన్న సోమవారం పొయ్యి పక్కన కూర్చుని రఘువీర్ గంటసేపు గొప్పగా చెప్పుకున్నది ఆవిడకు గుర్తొచ్చింది. నీళ్ళు పొయ్యక్కర్లేదట, కొయ్యక్కర్లేదట, చలికాలంలో కూడా పచ్చదనం పోదట. వెనకా ముందూ మొత్తం పరిపించేశాడట, ఒక్క కలుపు మొక్క కూడా మొలవకుండా. ఆవిడ భర్త చెయ్యి పట్టుకుంది.

"వాళ్ళింటి గడ్డి ప్లాస్టిక్కే తల్లీ" అంది పుష్పలీలతో, వినపడీ వినపడనట్టు.

పుష్పలీల ఫోనును రెండు చేతులతో పట్టుకుంది. అటువైపు గాలి చప్పుడు వినిపిస్తోంది. పక్కింట్లో లాన్ మోవర్ ఎక్కడో తిరుగుతోంది. ఏదో పక్షి దగ్గర్లోనే కూస్తోంది. ఇంటి లోపల ఉండే చప్పుళ్ళు కావవి.

"మధులిక గారూ," అంది, ఒక్కొక్క మాట కూడదీసుకుంటూ, "మీరు ఇప్పుడు ఎక్కడ నిలబడి మాట్లాడుతున్నారు?"

"ఇక్కడే, గార్డెన్‌లో. సిగ్నల్ ఇక్కడే బాగుంటుంది" అంది మధులిక. "నడుస్తూ మాట్లాడుతున్నా. ఎందుకు లీలా?"